గజ్జెలు లేని చదువు

పోయిన నెల హైదరాబాదు వెళ్ళినప్పుడు, నేను మొట్టమొదట కెమెరా ముందు ఆడిన టీవీ స్టూడియోకి పిలిస్తే వెళ్ళాను. పాత కళాకారుల చేత వాళ్ళ పాత కార్యక్రమాల గురించి మాట్లాడించి భద్రపరుస్తున్నారట. నా మనవరాలి వయసున్న ఒకమ్మాయి ఎదురొచ్చి, మెట్ల దగ్గర నా చెయ్యి పట్టుకుని జాగ్రత్తగా లోపలికి తీసుకెళ్ళింది. నేను చేసిన నృత్యరూపకాలు, పండగల ప్రత్యేక కార్యక్రమాలు ఒక్కొక్కటే తెర మీద వేసి చూపిస్తుంటే, ఆ నల్లటి జడా, ఆ నడుమూ ఎవరివో అన్నట్టు చూస్తూ కూర్చున్నాను. అన్నీ అయ్యాక, నేను ఒంటరిగా చేసిన మొట్టమొదటి పాట లేదా అని అడిగాను. ఆ అమ్మాయి కొంచెం ఇబ్బంది పడింది. ఆ రోజుల్లో టేపులు కరువనీ, ప్రసారం అయిపోయాక అదే టేపు మీద ఇంకొకటి రికార్డు చేసుకోవడం అంతటా ఉన్న పద్ధతేననీ చెప్పింది. నాకు తెలియని సంగతి కాదు. అయినా రాజమండ్రిలో రైలు దిగి, రావులపాలెం మీదుగా అమలాపురం బస్సులో వస్తున్నంతసేపూ ఆ ఒక్క పాటే చెవుల్లో మోగుతూ ఉంది. టేపు పోతే పోయింది, ఆ పాట నా దగ్గరికి ఎలా వచ్చిందో, నేను దాన్ని ఎక్కడిదాకా తీసుకెళ్ళానో నాకు ఇంకా గుర్తుంది కదా, అది రాసి పెడదాం అనుకున్నాను.

మా ఊరు అంబాజీపేటకి సైకిలు దూరం. నాన్నగారిది కొబ్బరి వ్యాపారం. ఇల్లూ, కొట్టూ ఒకే ఆవరణలో ఉండేవి. వీధి వైపు ఇల్లు, పక్కన పెంకులు కప్పిన పొడుగాటి కొట్టు, రెండింటి ముందూ కొబ్బరి చిప్పలు ఎండబోసుకునే పెద్ద గచ్చు. ఎండు కొబ్బరి వాసనలోనే పుట్టాం, పెరిగాం. ఎండ బాగా కాసిన రోజు ఆ వాసన తియ్యగా, కమ్మగా ఉండేది. ముసురు పట్టి చిప్పలు బూజెక్కితే అదే వాసనకి ముక్కు మూసుకోవాల్సి వచ్చేది. కాలవ గట్టున నానబెట్టిన పీచు కంపు గాలి వాటాన్ని బట్టి ఇంట్లోకి వచ్చిపోతుండేది. మా బట్టలకీ, పుస్తకాలకీ, ఆఖరికి పెరుగన్నానికి కూడా కొబ్బరి వాసనే. ఊరు దాటి చదువుకోడానికి వెళ్ళాక, హాస్టల్లో పెట్టె తెరిచినప్పుడల్లా పక్క మంచం పిల్ల ఎవరో కొబ్బరికాయ కొట్టారే అనేది.

ఆ ఇంటికి పెద్ద మా నాయనమ్మ. తెల్లవారేసరికి స్నానం చేసి, తడి జుట్టుకి తువ్వాలు చుట్టుకుని, గచ్చు మీద చిప్పలన్నీ సరిగ్గా బోర్లా పడ్డాయో లేదో చూసి వచ్చేది. తరవాతే పొయ్యి ముందు కూర్చునేది. పనసపొట్టు ఆవిడే కొట్టాలి. ఇంకెవరు కొట్టినా ముక్క పెద్దదయిందనేది. కోడళ్ళ మీద అరిచిన పాపాన పోలేదు గానీ, ఆవిడ ఒకసారి "వద్దు" అంటే ఆ మాట మీద ఇంకో మాట ఇంట్లో ఉండేది కాదు. నాన్నగారు లారీల వాళ్ళతో, ఊరూరి షావుకార్లతో గట్టిగా మాట్లాడే మనిషి. వాళ్ళమ్మ ముందు మాత్రం గొంతు పెగిలేది కాదు. అలాంటి మనిషి నా కోసం ఒక్కసారి ఎదురు చెప్పారు.

అది నేను బళ్ళో చేరిన కొత్తల్లో జరిగింది. సెలవురోజున కాయలు దింపించడానికి వెళ్తూ నాన్నగారు నన్ను సైకిలు ముందు కూర్చోబెట్టుకుని తీసుకెళ్ళేవారు. అలా ఒకసారి కాలవ అవతల మాణిక్యం గారి దొడ్డికి వెళ్ళాం. ద్రాక్షారామం వైపు నుంచి వచ్చి, అక్క కొడుకు దగ్గర ఉంటున్న మనిషి ఆవిడ. వాళ్ళ ఇంట్లో ఆడవాళ్ళు తరతరాలుగా దేవుడి ముందు, పెళ్ళిపందిళ్ళలో ఆడి పాడినవాళ్ళు. కాలం మారింది, చట్టాలొచ్చాయి, ఆట ఆగిపోయింది. నేను చూసేనాటికి ఆవిడ చూరు కింద చాప మీద కూర్చుని విస్తళ్ళు కుట్టుకుంటోంది. కుట్టుకుంటూ తనలో తను పాడుకుంటోంది. మధ్యలో ఒక మాట దగ్గర ఆకు ఒళ్ళో పెట్టి, తల కొంచెం పక్కకి తిప్పి, ఎవరో వచ్చి గుమ్మంలో నిలబడ్డట్టు చూసింది. నేను వెనక్కి తిరిగి గుమ్మం వైపు చూశాను. అక్కడ ఎవరూ లేరు. మళ్ళీ ఆవిడ వైపు చూస్తే, వచ్చినవాళ్ళు వెళ్ళిపోయినట్టు ఆవిడ మొహం దిగులుగా ఉంది. కాయలు దింపడం అయిపోయి నాన్నగారు పిలిచినా నేను కదల్లేదట. ఇంటికొచ్చి వారం రోజులు ఆ చూపే చూస్తూ తిరిగానని అమ్మ చెప్పేది. అన్నం పెడుతుంటే కూడా గుమ్మం వైపు అలాగే చూసేదాన్నట.

పిల్లకి మాణిక్యం గారి చేత ఆ పాటా ఆటా నేర్పిద్దామని నాన్నగారు అన్నప్పుడు నాయనమ్మ కొబ్బరి కోరుతోంది. కోరడం ఆపలేదు. చాలాసేపటికి, వద్దంది. నాన్నగారు తల వంచుకునే ఉన్నారు గానీ అక్కణ్ణుంచి లేవలేదు. ఆ పూటా, మర్నాడూ అన్నానికి రాలేదు. మూడోనాటికి నాయనమ్మే కబురు చేసింది.

"పిల్ల పాట నేర్చుకుంటే నేర్చుకోనీరా. కాలికి గజ్జె కట్టడానికి వీల్లేదు. లేచి నిలబడి ఆడడానికి వీల్లేదు. ఆ మనిషి వీధి గుమ్మంలోంచి రావడానికి వీల్లేదు."

ఈ మాటలు వెళ్ళి మాణిక్యం గారితో చెప్పడానికి నాన్నగారు ఎంత నలిగిపోయారో తరవాతెప్పుడో నాతో అన్నారు. ఆవిడ మాత్రం విస్తరి కుట్టడం ఆపకుండానే విని, "ఆయ్, కూర్చోబెట్టే నేర్పుతానండీ. గజ్జెలు ఎప్పుడైనా కట్టుకోవచ్చు. మొహం చిన్నప్పుడే తిరగాలండీ," అందట.

నాయనమ్మకి ఆట మీద అంత కోపం ఎందుకో అప్పుడు నాకు తెలీదు. చాలా ఏళ్ళ తరవాత, నేను హైదరాబాదు ప్రయాణమవుతున్నప్పుడు అమ్మ చెప్పింది. మా తాతగారికి మేజువాణీల పిచ్చి ఉండేదట. చుట్టుపక్కల ఏ ఊళ్ళో పెళ్ళికి మేళం కట్టించారని తెలిసినా బండి కట్టించుకుని వెళ్ళిపోయేవారట. వెళ్ళినవారు ఏ రోజు తిరిగొస్తారో చెప్పేవారు కాదట. నాయనమ్మ కాపరానికి వచ్చిన కొత్త. వండిన అన్నం మూతపెట్టి, వీధి తలుపు ఓరగా వేసి కూర్చునేదట. తాతగారు ఎవరికీ అన్యాయం చేసిన మనిషి కాదని అమ్మ అంటుంది. కానీ అలా కూర్చోబెట్టడం కూడా ఒక అన్యాయమేనని ఆయనకి ఎవరూ చెప్పలేదు.

అలా నా చదువు మా పెరటి వసారాలో మొదలైంది. మాణిక్యం గారు మధ్యాహ్నం వంటిల్లు కడిగేశాక పెరటి దోవన వచ్చేది. ముతక నేత చీర, నుదుట చిన్న బొట్టు, చేతులకి గాజులు తప్ప ఏమీ ఉండేవి కావు. నన్ను ఎదురుగా పీట మీద కూర్చోబెట్టుకుని ముందు చూడ్డం నేర్పింది. అన్నం మెతుకు లాక్కుపోతున్న చీమని చూడమనేది. చూపు చీమతోనే నడవాలి, తల కదలకూడదు. బావిలో చేద పడిపోతే ఎలా చూస్తాం, పడిపోయింది నా తప్పు కాదని చెప్పాలంటే ఎలా చూస్తాం, ఇలాంటివి నెలల తరబడి. పాటలోకి వచ్చాక, ఒక్క వరసే పట్టుకుని కూర్చునేది. ఆయన రాలేదు అనే మాట ఉంటే, కోపంగా ఒకసారి, కోపం లేదని చెప్తూ ఒకసారి, పనుండి రాలేదేమోనని తనకి తనే సర్దిచెప్పుకుంటూ ఒకసారి, చెలికత్తె దగ్గర పరువు కాపాడుకుంటూ ఒకసారి. నాకు విసుగొచ్చి ఏడుపు మొహం పెడితే అదీ వదిలేది కాదు. "ఏడుపు అందరికీ వస్తుందమ్మా. వచ్చిన ఏడుపు ఎవరికీ కనపడకుండా మింగుతావు చూడు, అది చెయ్యి," అనేది.

మేం వసారాలో ఉన్నంతసేపూ నాయనమ్మ నడవలో పడుకుని ఉండేది. మధ్యన తలుపు వేసి ఉండేది. నిద్రపోయేదో లేదో తెలీదు. ఒకటి రెండుసార్లు పాట మధ్యలో నాకు దగ్గొచ్చి ఆగితే, తలుపవతల విసనకర్ర చప్పుడు కూడా ఆగేది. నేను దాన్ని పెద్దగా పట్టించుకోలేదు. నా ధ్యాసంతా కాళ్ళ మీద ఉండేది. కూర్చుని కూర్చుని కాళ్ళు ఊరుకునేవి కావు. బడి నుంచి వచ్చేటప్పుడు కొబ్బరితోటలో ఎవరూ లేనిచోట ఆగి, ఇసకలో నాకు తోచినట్టు అడుగులు వేసుకునేదాన్ని. అవి సరైన అడుగులు కావని తెలుసు. సరైనవి ఎక్కడుంటాయో అక్కడికి వెళ్ళాలని మాత్రం అప్పుడే తీర్మానించుకున్నాను. కొత్తపేటలో ఒక నృత్యరూపకం వేస్తుంటే బడివాళ్ళు తీసుకెళ్ళారు. బాలే అనేవాళ్ళం దాన్ని. స్టేజి నిండా మనుషులు, ఒకరి వెనక ఒకరు గాలిలో తేలుతున్నట్టు కదులుతుంటే నాకు ఊపిరాడలేదు. తిరిగొస్తూ బస్సులో సీటు కింద ఆ అడుగులే వేసుకుంటూ కూర్చున్నాను.

అమలాపురంలో కాలేజీ చదువు అయ్యాక, హైదరాబాదు వెళ్ళి నృత్యం నేర్చుకుంటానని నేనే నాన్నగారిని అడిగాను. నాయనమ్మ అవుననలేదు, కాదనలేదు. నేను ఎక్కిన బస్సు కదిలేదాకా గచ్చు మీద చిప్పలు తిరగేస్తూనే ఉంది.

అక్కడ నా బతుకు అనుకున్నట్టు లేదు. క్లాసులో నా పక్కన నిలబడినవాళ్ళు బాగా చిన్నపిల్లలు. వాళ్ళ కాళ్ళు నేల మీద తాళం కొడుతుంటే నా కాళ్ళు దానికి వెనకాల పరుగెత్తేవి. వయసు దాటాక వచ్చావమ్మా, ముఖాభినయం ఉంది గానీ అడుగు లేదు, అడుగు లేకపోతే కూచిపూడి ఎలాగ అని మాస్టారు మొదటిరోజే చెప్పేశారు. ఆయన మాటలో తప్పేమీ లేదు. నాకు అడుగు లేదు. అందుకని అడుగు సంపాదించడానికి పూనుకున్నాను. తెల్లవారుజామున హాస్టలు మేడ మీదకి వెళ్ళి, కింద పడుకున్నవాళ్ళు తిట్టకుండా గోనెసంచులు పరుచుకుని సాధన చేసేదాన్ని. అరికాళ్ళు పగిలేవి. చీలమండలు వాచేవి. అమ్మ పంపిన కొబ్బరినూనె జుట్టుకంటే కాళ్ళకే ఎక్కువ పట్టేది. గజ్జెలు కట్టుకున్న మొదటిరోజు ఆ బరువుకి నా నడక నాకే కొత్తగా ఉంది. పీట మీద కూర్చుని గడిపిన ఏళ్ళన్నీ వృథా అనిపించిన రోజులు లేకపోలేదు. అప్పుడు కూడా వెనక్కి వెళ్ళిపోదామని మాత్రం అనిపించలేదు. వెళ్తే నాయనమ్మ మాట గెలిచినట్టవుతుందని కొంత, మాణిక్యం గారికి ఏం చెప్పాలో తెలియక కొంత.

రెండేళ్ళకి మాస్టారు నన్ను తన బృందంలోకి తీసుకున్నారు. ఊరూరా నృత్యరూపకాలు వేసేవాళ్ళం. నేను వెనక వరసలో సముద్రపు అలని, పూలతీగని, బెదిరిన లేడిని. పొట్టిగా ఉండడం వల్ల నా ముందు వాళ్ళ జడలు తప్ప ప్రేక్షకులకి నేను కనపడేదాన్ని కాదు. అయినా అల వేషంలో ఉన్నప్పుడు కూడా మొహం ఊరుకునేది కాదు. ఎవరు చూస్తారని అన్ని హావభావాలు పెడతావే అని పక్కపిల్లలు నవ్వేవాళ్ళు.

మా బృందాన్ని టీవీ వాళ్ళు పిలిచిన రోజు ఆ వరసలు తారుమారయ్యాయి. స్టూడియో నేను ఊహించుకున్నంత పెద్దది కాదు. స్టేజి మీద విశాలంగా ఆడే రూపకం అక్కడ పట్టలేదు. కింద గట్టి సిమెంటు నేల. గదిలో చలి, మొహం మీద లైట్ల వేడి, ఎటు జరిగినా కాళ్ళకి కెమెరా తీగలు. ప్రొడ్యూసరు సరోజ గారని ఒకావిడ. మనిషి సన్నగా, మాట పొదుపుగా ఉండేది. బృందాన్ని సగానికి తగ్గించి, పొట్టివాళ్ళని ముందుకి రమ్మన్నారు. కెమెరా నాకు బారెడు దూరంలో వచ్చి నిలబడింది. దాని మీద ఎర్రదీపం వెలిగేసరికి మా వాళ్ళు చాలామంది స్టేజి మీద చేసినట్టే ఆఖరి వరసకి కనపడేలా కళ్ళు పెద్దవి చేశారు. అది అలవాటు, ఎవరి తప్పూ కాదు. నాకు మాత్రం అంత దగ్గరగా ఎవరో కూర్చుని చూడ్డం కొత్త కాదు. మా పెరటి వసారాలో మాణిక్యం గారు అంతే దూరంలో కూర్చునేది. అక్కడ రెప్ప కాస్త ఎక్కువ ఎత్తినా పట్టుకునేది. నేను అలవాటుగా అలాగే చేశాను. రికార్డింగు అయ్యాక సరోజ గారు బయటికొచ్చి, నన్ను పక్కకి పిలిచి, ఒంటరిగా చెయ్యడానికి నీ దగ్గర ఏదైనా పదం ఉందా అని అడిగింది. ఉందండీ అన్నాను. ఆయన రాలేదు అనే ఆ పాటే.

ఆ పాట రికార్డింగు చేసిన కొన్నాళ్ళకి, వెంటనే ఫోను చెయ్యమని ఇంటి నుంచి కబురు వచ్చింది. అప్పుడే నాకో సంబంధం ఖాయమయ్యేలా ఉంది. అబ్బాయి కువైట్‌లో ఉద్యోగం, రాజోలు వైపు మంచి కుటుంబం, నాయనమ్మ స్వయంగా చూసి ఒప్పుకున్న సంబంధం. పిల్ల టీవీలో ఆడబోతోందని వాళ్ళకి తెలిసింది. హాస్టల్లో నేర్చుకుంటే పర్లేదు గానీ పదిమందికీ కనపడేలా అయితే మాకు కుదరదు, ఆ కార్యక్రమం ఆపించేస్తే ముహూర్తం పెట్టుకుందాం అని కబురు పంపారు. నాన్నగారు అన్నీ చెప్పి, తన అభిప్రాయం మాత్రం చెప్పలేదు. "నీ మాటే చెప్తానమ్మా విశాలా. ఏం చెప్పమంటావు?" అని అడిగారు. వీధి చివర టెలిఫోను బూత్‌లో నిలబడి ఉన్నాను. బయట వేరేవాళ్ళు వాళ్ళ వంతు కోసం చూస్తున్నారు. అతనెలాంటివాడో నాకు తెలీదు, చెడ్డవాడు కాకపోవచ్చు కూడా. కానీ పాట ఆపమన్నవాళ్ళ ఇంట్లో నా మొహం ఏం చేసుకోవాలో నాకు అర్థం కాలేదు. "కార్యక్రమం వస్తుందని చెప్పండి నాన్నగారూ," అన్నాను. ఆయన "సరేనమ్మా," అన్నారు. ఫోను పెట్టేసి, నా వెనక మనిషికి దారిచ్చాను. ఆ మాట వెనక్కి తీసుకోవాలని అప్పుడూ అనిపించలేదు, ఇప్పుడూ అనిపించదు.

ప్రసారం నాటికి ఇంటికి వెళ్ళాను. సంబంధం తప్పిపోయినప్పటి నుంచీ నాయనమ్మ నా పేరు ఎత్తడం లేదని అమ్మ ముందే చెప్పింది. కాళ్ళకి దణ్ణం పెడితే తల మీద చెయ్యి వేసి వంటింట్లోకి వెళ్ళిపోయింది. నాన్నగారు మాత్రం అమలాపురం నుంచి టీవీ కొనుక్కొచ్చేశారు. కొట్టు పైన వెదురుగడకి యాంటెన్నా కట్టించి, బొమ్మ నిలిచేదాకా దాన్ని అటూ ఇటూ తిప్పించారు. ఊళ్ళోకి టీవీలు అప్పుడప్పుడే వస్తున్న రోజులు. సాయంత్రం అయ్యేసరికి గచ్చు నిండిపోయింది. కాయలు ఒలిచేవాళ్ళు, దింపేవాళ్ళు, లారీ డ్రైవర్లు, చుట్టుపక్కల ఆడవాళ్ళు అందరూ చేరారు. నాన్నగారు స్వయంగా వెళ్ళి మాణిక్యం గారిని తీసుకొచ్చారు. ఈసారి వీధి గేటులోంచే తీసుకొచ్చారు. ఆవిడ ఆడవాళ్ళ వెనకగా ఒక మూల సర్దుకుని కూర్చుంది. నాయనమ్మ గుమ్మంలో కుర్చీ వేయించుకుంది. ఎవరైనా చిప్పలు తొక్కుతారేమోనని చూడ్డానికట.

దీపాలు పెట్టే వేళకి టీవీలో కార్యక్రమాలు మొదలయ్యాయి. వార్తలయ్యాయి, ఎవరిదో ప్రసంగం అయింది. తెర మీద ఒకావిడ చిరునవ్వుతో నా పేరు చెప్పింది. గచ్చంతా ఒక్కసారి కదిలి సర్దుకుంది. అంతే, కరెంటు పోయింది. తెర మధ్యలో తెల్లటి చుక్క ఒకటి మిగిలి, అదీ ఆరిపోయింది.

వస్తుందిలే అని అందరూ కూర్చున్నారు. పిల్లలు ఈలలు వేశారు. నాన్నగారు మనిషిని పంపించారు. వాడు తిరిగొచ్చి, లైను ఎక్కడో తెగిందంటండీ, ఇప్పట్లో రాదంటండీ అన్నాడు. అప్పటికి నా పాట హైదరాబాదులో అయిపోయి ఉంటుంది. ఎక్కడెక్కడివాళ్ళో చూసి ఉంటారు. నన్ను కన్నవాళ్ళూ, నాకు నేర్పిన మనిషీ మాత్రం నల్లటి పెట్టె ముందు కూర్చుని ఉన్నారు. నాన్నగారు పెట్రోమాక్సు లైటు వెలిగించి తెచ్చి, ఎక్కడ పెట్టాలో తెలియక చేత్తో పట్టుకునే నిలబడ్డారు. జనం లేవబోతుంటే, గుమ్మంలోంచి నాయనమ్మ గొంతు వినపడింది.

"మనిషి ఇక్కడే ఉంది కదా. దాని కోసం పెట్టె ఎందుకు? చెయ్యమనండి."

నాన్నగారు వాళ్ళమ్మ వైపు చూసి, నా వైపు చూశారు. నాకు గజ్జెలు లేవు, వీణ లేదు, మద్దెల లేదు. నేను ఆడవాళ్ళ మధ్యలోంచి వెళ్ళి మాణిక్యం గారి ముందు నిలబడ్డాను. ఆవిడ అప్పటికే చీర కుచ్చిళ్ళు సర్దుకుంటోంది. పాడతారా అండీ అని అడిగాను. "కూర్చునే చేద్దామమ్మా. మనకి అదే కదా వచ్చింది," అంది. ఇద్దరం గచ్చు మీద ఎదురెదురుగా కూర్చున్నాం. నాన్నగారు లైటు కింద పెట్టారు.

ఆవిడ గొంతు నా చిన్నప్పటిలా లేదు. పైస్థాయిలో కొంచెం జీర వచ్చింది. కానీ ఒక్కో మాటా అంత దగ్గరగా నేను స్టూడియోలో వినలేదు. మొదట కాస్త బెరుకుగా ఉంది. తరవాత గచ్చు మీద జనం ఉన్నారని మర్చిపోయాను. ఆయన రాలేదు. అన్నం మూత తీసి చూసుకున్నాను, చల్లారిపోయింది. చెలికత్తె ఏదో అడిగితే, ఇప్పుడే ఆకలి లేదని చెప్పాను. వీధిలో బండి చప్పుడైతే లేవబోయి, అది పక్కింటికని తెలిసి, పమిట సర్దుకోవడానికే లేచినట్టు మళ్ళీ కూర్చున్నాను. ఇవన్నీ చిన్నప్పుడు పెరటి వసారాలో మాణిక్యం గారు నాకు నేర్పినవే. ఎన్నోసార్లు చేసినవే. ఆ సాయంత్రం చేస్తూ ఉండగా, అమ్మ చెప్పిన కథ గుర్తొచ్చి, ఇవి ఎవరివో నాకు తెలిసింది. తెలిశాక గుమ్మం వైపు చూడ్డానికి ధైర్యం చాల్లేదు. పాట అలాగే పూర్తి చేశాను.

చప్పట్లు కొట్టాలని ఎవరికీ తోచలేదు. కాసేపటికి ఒకామె ముక్కు చీదుకుంది. అందరూ మెల్లిగా లేచి, మాణిక్యం గారికి దణ్ణాలు పెట్టి వెళ్ళిపోయారు. నాయనమ్మ కుర్చీ ఖాళీగా ఉంది. లోపలికి వెళ్ళిపోయిందని అమ్మ చెప్పింది.

ఆ తరవాత నా బతుకంతా కెమెరా ముందే గడిచింది. సరోజ గారు వరసగా అవకాశాలిచ్చారు. టీవీ కోసమే నృత్యరూపకాలు తయారు చేశాం. స్టేజి మీద వంద అడుగుల్లో చెప్పే సంగతిని కెమెరాకి చేతివేళ్ళతో ఎలా చెప్పాలో మా మీద మేమే ప్రయోగాలు చేసుకున్నాం. అక్కడే సౌండు చూసే ఆయనతో నా పెళ్ళయింది. పాట ఆపమని ఆయన ఏనాడూ అనలేదు. పైగా సరిగ్గా పడలేదు, మళ్ళీ చెయ్యమనేవారు. ప్రైవేటు చానళ్ళొచ్చాక డాన్సు పోటీలకి నన్ను న్యాయనిర్ణేతగా కూర్చోబెట్టారు. పొగ, రంగు దీపాలు, ఒంటి మీద మెరుపులు. పిల్లలు గాలిలో గిరికీలు కొడుతుంటే ముచ్చటేసేది. వాళ్ళ ఒంట్లో ఉన్న చురుకుదనం మాకు ఏ రోజూ లేదు, ఒప్పుకోవాలి. కానీ కెమెరా ఎవరి మొహం మీదా ఆగేది కాదు. రెప్ప వేసేలోగా ఇంకో కోణం, ఇంకో రంగు. ఈ అమ్మాయి ఏమనుకుంటోందో కాస్త చూడనివ్వండి అని అడిగితే, మేడమ్, జనం చానల్ మార్చేస్తారు అనేవారు. మార్చేస్తారేమో. కరెంటు లేని గచ్చు మీద కదలకుండా కూర్చున్న కొబ్బరి కార్మికులని నేను చూశాను కనక, ఆ మాట పూర్తిగా నమ్మలేకపోయాను. అందుకే ఆ కుర్చీ వదిలేసి అమలాపురం వచ్చేశాను. ఇక్కడ మేడ మీద గదిలో పిల్లలకి నేర్పుతున్నాను. మూడు నెలల్లో టీవీకి సిద్ధం చేస్తారా అని తల్లిదండ్రులు అడుగుతారు. చెయ్యలేనని చెప్తాను. కొంతమంది వెళ్ళిపోతారు. ఉన్నవాళ్ళని పీట మీద కూర్చోబెడతాను. కాళ్ళకి గజ్జెలు కూడా కడతాను. రెండూ కావాలి. మోకాళ్ళు మొరాయిస్తున్నా, నా చేతిలో ఉన్నది వీళ్ళకి అందించేదాకా ఈ గది తలుపు మూసే ఉద్దేశం నాకు లేదు.

ఆ సాయంత్రం తరవాత మర్నాడు జరిగింది కూడా చెప్పాలి. పొద్దున్నే నాయనమ్మ నాన్నగారి చేత మాణిక్యం గారికి కబురు పంపించింది. మా వీధిలో ఆడపిల్లలు నేర్చుకుంటామంటున్నారనీ, ఇంక పెరటి వసారా అక్కర్లేదు, ముందు హాల్లోనే కూర్చుని నేర్పమనీ. ఇంత మాట నాయనమ్మ నోట వస్తుందని ఎవరూ అనుకోలేదు. నాన్నగారు సంబరంగా సైకిలెక్కి వెళ్ళి, వచ్చేటప్పుడు నడిపించుకుంటూ వచ్చారు. ఆవిడ రానందట. కోపంగా కాదు, చాలా మర్యాదగానే చెప్పిందట.

"అమ్మగారు అడగడమే నాకు చాలండీ. కానీ నాకూ ఓ ఇల్లుందండీ. నేర్చుకునేవాళ్ళని అక్కడికే పంపమనండి."

నాయనమ్మ విని లోపలికి వెళ్ళింది. కోపమొచ్చిందనుకున్నాం. మధ్యాహ్నం భోజనాలయ్యాక ఉతికిన చీర కట్టుకుని బయటికొచ్చింది. వీధిలో పిల్లలని ఒక్కొక్కరినే పేరుపెట్టి పిలిచి, నన్ను దోవ చూపించమంది. కాలవ వంతెన మీద ఆగి కాస్త ఊపిరి తీసుకుంది. ఆ ఇంటి వైపు ఆవిడ నడవడం అదే మొదలు.

మాణిక్యం గారు విస్తళ్ళు పక్కకి నెట్టి గబగబా లేచింది. లోపల్నుంచి చాప తెచ్చి, దులిపి పరిచింది. నాయనమ్మ మోకాళ్ళ మీద చెయ్యి వేసుకుని మెల్లిగా దాని మీద కూర్చుంది. పిల్లలు చుట్టూ చేరారు. కాఫీ ఇస్తాను, తాగుతారా అని మాణిక్యం గారు కొంచెం సందేహిస్తూనే అడిగింది. నాయనమ్మ చెయ్యి చాపి గ్లాసు అందుకుంది. రెండు గుక్కలు తాగి, కింద పెట్టి, ఆవిడ మొహంలోకి చూస్తూ అంది.

"మగాళ్ళ కోసం పాడే పాటలనుకున్నానండీ ఇన్నాళ్ళూ. మీ పాటలో కూర్చున్నది నేనేనని నాకెవరూ చెప్పలేదు. మళ్ళీ ఒకసారి పాడండి, వింటాను."

"ఆయ్," అంది మాణిక్యం గారు, గొంతు సవరించుకుంటూ.